బావగారి కారూ, గ్లాసెడు నీళ్ళూ

మా బావని వీధిలో అందరూ రేపుగారు అంటారు. ఎదురుగా అనరు, కానీ ఆ సంగతి ఆయనకీ తెలుసు. "కారు ఎప్పుడు బయటికొస్తుందండీ?" అని ఎవరడిగినా ఆయన నోట వచ్చే మాట ఒక్కటే, రేపు. పేపరు వేసేవాడు అడిగినా రేపే, ఎదురింటావిడ అడిగినా రేపే, కన్నకూతురు ఫోన్ చేసి అడిగినా రేపే. మొదట్లో ఆ మాట నమ్మి మేమంతా నిజంగానే మర్నాటి కోసం ఎదురుచూశాం. తరవాత్తరవాత ఆ మాటకీ కేలండరుకీ ఏ సంబంధమూ లేదని అర్థమైంది.

నేను ఆయన భార్యకి చెల్లెల్ని. అక్కావాళ్ళు కింది వాటాలో, నేను పై వాటాలో ఉంటాం. ఒక పళ్ళ డాక్టరు దగ్గర రిసెప్షన్లో పనిచేస్తాను. దవడ పట్టుకుని వచ్చినవాళ్ళని "ఇంకో అయిదు నిమిషాలండీ" అంటూ గంటలకొద్దీ కూర్చోబెట్టడమే నా ఉద్యోగం. మనుషుల ఓపికని ఎంతదాకా సాగదీయొచ్చో నాకు తెలిసినంత ఇంకెవరికీ తెలీదు. అలాంటి నాకే ఈ మనిషి చుక్కలు చూపించాడు.

అక్క పెళ్ళయ్యేనాటికి నేనింకా బడికెళ్ళే పిల్లని. నాకు సైకిలు తొక్కడం నేర్పింది బావే. అందుకని ఆయన్ని బావా అనీ, నువ్వు అనీ అంటాను. కోపమొస్తే మాత్రం "బావగారూ, మీరు" అంటాను. బయటివాళ్ళకి అది మర్యాదలా వినపడుతుంది. మా ఇంట్లోవాళ్ళు అది వినగానే లేచి పక్క గదిలోకి వెళ్ళిపోతారు. ఆ కారు ఇంటికొచ్చిన కొన్నాళ్ళనుంచీ ఆయన నాకు బావగారే.

ఆయన జీవితమంతా లిఫ్టుల్లో గడిచింది. లిఫ్టులు బాగుచేసే పని. ఊళ్ళో పెద్ద భవనాలన్నిటికీ ఆయనే దిక్కు. మాట తక్కువ, చెవి ఎక్కువ. లిఫ్టులోకి అడుగుపెట్టగానే గోడకి అరచెయ్యి ఆనించి కళ్ళు మూసుకునేవాడు. పక్కనున్నవాళ్ళు ఈయనకి కళ్ళు తిరుగుతున్నాయేమో అని కంగారుపడేవాళ్ళు. మరమ్మతు అయ్యాక ఆయనదొక పరీక్ష ఉండేది. ఇంటినుంచి పట్టుకెళ్ళిన స్టీలు గ్లాసులో అంచుదాకా నీళ్ళు పోసి లిఫ్టు మధ్యలో నేలమీద పెట్టేవాడు. అడుగునుంచి పై అంతస్తుదాకా, పైనుంచి అడుగుదాకా తిప్పేవాడు. చుక్క ఒలికిందా, పని అవనట్టే. మళ్ళీ రేపు. భవనాల యజమానులు నెత్తీ నోరూ కొట్టుకునేవాళ్ళు. ఈయన నిమ్మకు నీరెత్తినట్టు స్పానర్లు తుడుచుకుంటూ "గ్లాసు ఒప్పుకోలేదండీ" అనేవాడు. ఆయన సరేనని వదిలిన లిఫ్టుల్లో ఒక్కటి కూడా మనుషులతో మధ్యలో ఆగిపోలేదని చెబుతారు. నేనూ కాదనను. కాకపోతే మా డాక్టరు క్లినిక్కు ఉన్న భవనంలో కూడా లిఫ్టు ఆయనదే కాబట్టి, మెట్లెక్కి మెట్లెక్కి మోకాళ్ళు అరిగినవాళ్ళలో నేనూ ఒకదాన్ని. పూర్తిగా మెచ్చుకోవాలంటే మనసొప్పదు.

అక్క బడిపిల్లలకి యూనిఫారాలు కుట్టేది. ఇంటి ముందున్న రేకుల షెడ్డులో పెద్ద బల్లా, రెండు మిషన్లూ ఉండేవి. వంగి గుడ్డ కత్తిరించీ కత్తిరించీ చివరికి దాని నడుం మొరాయించింది. వెన్నుకి ఆపరేషన్ చేశారు. అంతా సవ్యంగా అయిందన్నారు డాక్టర్లు. కానీ ఆస్పత్రినుంచి ఇంటికి తెస్తుండగా మా వీధి మలుపులో ఆంబులెన్సు ఒక గుంతలో పడింది. అక్క తట్టుకోలేకపోయింది. మళ్ళీ ఆస్పత్రి, మళ్ళీ మంచం. ఆ తరవాత అక్కని ఏ బండీ ఎక్కించడానికి బావ ఒప్పుకోలేదు. ఇల్లే దాని ప్రపంచమైపోయింది. షెడ్డు వైపు కిటికీ దగ్గర చెక్క కుర్చీలో, నడుం వెనక దిండు పెట్టుకుని బొత్తాలు కుడుతూ కూర్చునేది.

చాలా నెలలకి డాక్టరు ఒకసారి తీసుకురమ్మంటే తప్పలేదు. అద్దె కారు మాట్లాడాం. అక్కడికి చేరేసరికి అక్క మొహంలో నెత్తురుచుక్క లేదు. ఆ డాక్టరు ఉండేది అయిదో అంతస్తులో. ఆ రోజు ఆ భవనంలో లిఫ్టు నడవడం లేదు. ఎందుకు నడవడం లేదో వేరే చెప్పాలా? గ్లాసు ఒప్పుకోలేదు! నేను బావ వైపు చూసిన చూపుకి ఆయన గోడలోకి దూరిపోవాల్సింది.

అక్కని ఎక్కడో ఒకచోట కూర్చోబెట్టాలి. భవనం అడుగున బళ్ళు పెట్టుకునే చోట, ఒక మూల ఓ పాత కారు దుమ్ముకొట్టుకుని ఉంది. పొడవాటిది, ముదురాకుపచ్చది, ఒకప్పుడు గొప్పింటివాళ్ళు మాత్రమే తిరిగిన రకం. భవనం యజమాని తండ్రిదట. కాపలావాడు దాని వెనక సీట్లో పడుకుని కునుకు తీస్తున్నాడు. అతన్ని లేపి అక్కని కూర్చోబెట్టాం. అక్క మెల్లిగా వెనక్కి వాలింది. కళ్ళు మూసుకుంది. "అమ్మయ్య" అంది.

ఆపరేషన్ తరవాత దాని నోటినుంచి నేను ఆ మాట వినడం అదే మొదటిసారి. నాకు ఏడుపొచ్చింది. బావకి మాత్రం ఆలోచనొచ్చింది. మా కష్టాలన్నీ అక్కడే మొదలయ్యాయి.

యజమాని ఆ బండి తీసుకుపొమ్మని సంతోషంగా ఇచ్చేశాడు, స్థలం ఖాళీ అవుతుందని. తాడు కట్టి లాక్కొచ్చారు. అక్క బల్లా మిషన్లూ షెడ్డులోంచి వెనక గదిలోకి పోయాయి, కారు షెడ్డులోకొచ్చింది. బావ దాన్ని స్టార్టు చేసి, వెనక సీటుమీద గ్లాసు పెట్టాడు. వీధంతా పొగ. గ్లాసులో సగం నీళ్ళు సీటుపాలు.

"ఇంజను ముసలిదైపోయింది. వణుకుతోంది. ఇవాళ్టి కాలం ఇంజను వేస్తే సరి," అన్నాడు.

"ఆ సీటు ఊడదీసి ఏ వ్యానులోనో బిగిస్తే పోదా బావా?" అన్నాను. అప్పటికి ఇంకా బావా అనే అంటున్నాను.

"వ్యానే అదురుతుంటే సీటు మాత్రం ఏం చేస్తుంది? మంచి ఇంజను వేస్తే ఇది పడవలా పోతుంది. ఎంతసేపు? వారం పని."

వారమట!

ఎవరో వెనకనుంచి గుద్దడంతో పాడైన ఒక కొత్త కారు దొరికింది. ముందు భాగం చెక్కుచెదరలేదు. దాని ఇంజనూ, గేరుబాక్సూ, వైర్ల చుట్టా తెచ్చి షెడ్డులో పరిచాడు. పాత ఇంజనుని గరాజు మనుషులు వచ్చి తీసేశారు. అది పోయిన జాగాలో కొత్తది పెట్టి చూస్తే చుట్టూ ఇంకో కాపురం పెట్టేంత చోటు మిగిలింది. అయినా సరే ఏదీ దేనికీ కలవలేదు. ఇంజను కూర్చునే దిమ్మలు కలవలేదు, గొట్టాలు కలవలేదు, గేరుబాక్సునుంచి వెనక చక్రాలకి వెళ్ళే రాడ్డు జానెడు పొట్టిదైంది. ఒక్కోటి చేయించడం, తేవడం, పెట్టి చూడడం, మళ్ళీ తియ్యడం. ఇంజను మార్చడానికి అనుమతి ఇచ్చే ఆఫీసుకి నేనే కాళ్ళరిగేలా తిరిగాను. ఆఖరికి ఆ కాగితం కూడా వచ్చేసింది. ఆఫీసు కదిలింది గానీ మా బండి కదల్లేదు.

కొత్త ఇంజనుకి ఒక కంప్యూటరు ఉంటుందట, డబ్బాలాంటిది. దాని మాట వినకపోతే ఇంజను మొండికేస్తుంది. ఆ డబ్బాతో మాట్లాడడానికి ఒకాయన లాప్‌టాప్ పట్టుకుని వచ్చాడు. కారు పక్కన స్టూలు వేసుకుని మధ్యాహ్నందాకా దానికేసి చూసి నిట్టూర్చాడు.

"వెనక కుడి తలుపు తీసి ఉందంటోందండీ."

నేను వెళ్ళి తలుపు చూశాను. "వేసే ఉంది కదండీ?"

"ఈ తలుపు కాదమ్మా. దాని పాత కారు తలుపు."

"ఆ కారు ఎక్కడుంది?"

"తుక్కైపోయింది."

"అంటే ఈ డబ్బా, లేని కారుకి ఉన్న లేని తలుపు తీసి ఉందని అలిగి కూర్చుందన్నమాట."

"అంతేనమ్మా," అన్నాడాయన, రోగి బంధువుతో మాట్లాడుతున్నంత జాలిగా. ఇంజను ఎక్కించాక స్టార్టవనిచ్చేలా ఎలాగో డబ్బాని బతిమాలి ఒప్పించాడు గానీ, తలుపు తీసి ఉందనే ఎర్రదీపం మాత్రం ఆరలేదు. అది అలా వెలుగుతూనే ఉంటుందట, పట్టించుకోకూడదట. ఇంట్లో ఇప్పటికే ఒకరు అలా ఉన్నారు కాబట్టి నాకు కష్టమనిపించలేదు.

ఈలోగా అక్క కూతురు ఫోన్ చేసింది. నెల తప్పింది. అది ఉండేది కొండల అవతలి ఊళ్ళో, కారులో పొద్దున బయల్దేరితే మధ్యాహ్నం దాటుతుంది. ముందొకసారి దానికి కడుపు నిలవలేదు. అప్పుడు అక్క ఆపరేషనై మంచంమీద ఉంది, కూతురు అక్కడ ఒంటరిగా ఏడుస్తుంటే ఇక్కడ ఫోను చెవికి ఆనించుకుని ఇదీ ఏడ్చింది. ఈసారి పిల్లని కదలొద్దన్నారు డాక్టర్లు. అది రాలేదు. అక్కే వెళ్ళాలి.

"అమ్మ పక్కనుంటే నాకింకేం అక్కర్లేదు పిన్నీ. వస్తుందిగా?" అని అది నన్ను అడిగింది.

"ఎందుకు రాదే? వస్తుంది," అన్నాను. ఫోను పెట్టేసి తిన్నగా షెడ్డులోకి వెళ్ళాను. "బావగారూ, మీ కూతురు కాన్పు నాటికి మా అక్క అక్కడుండాలి. మీరు బండి తయారుచేస్తారో, భుజాన మోసుకెళ్తారో నాకు తెలీదు."

"రేపు ఇంజను ఎక్కించేస్తున్నాను," అన్నాడు తలెత్తకుండా.

అక్క మాత్రం ఎప్పుడు, ఏమిటి అని ఒక్కసారీ అడగలేదు. పుట్టబోయే బిడ్డకి చొక్కాలు కుట్టడం మొదలెట్టింది. మొదటిది నా అరచేతిలో పట్టేంత ఉంది. బావ రేపన్నకొద్దీ చొక్కాలు పెరిగాయి. ఏడుపుగొట్టు పసిగుడ్డు సైజు అయిపోయి, పాకే సైజుకొచ్చింది. పాకడం అయిపోయి నడిచే సైజుకొచ్చింది. ఒకరోజు చూద్దును కదా, జేబున్న చొక్కా కుడుతోంది.

"జేబెందుకే దానికి?"

"మీ బావ బండి తయారయ్యేసరికి బడికెళ్ళే వయసొస్తుంది కదా. పెన్సిలు పెట్టుకుంటుంది," అంది తాపీగా. అక్క కోపం అలా ఉంటుంది. దారం తెంపినంత చప్పుడు కూడా చెయ్యదు.

ఇంజను ఎక్కించే రోజు రానే వచ్చింది. షెడ్డు దూలానికి గొలుసు కప్పీ కట్టారు. సాయానికి వస్తానన్న గరాజు మనిషి రాలేదు కాబట్టి గొలుసు లాగే పని నా నెత్తిన పడింది. ఆదివారం, నా ఒక్కగానొక్క సెలవు. ఇంజను గాల్లో వేలాడుతోంది. బావ టార్చిలైటు పట్టుకుని బానెట్ పక్కన వంగి నిలబడ్డాడు. నేను కొంచెం కొంచెంగా గొలుసు వదులుతున్నాను. ఇంజను మెల్లగా కారులోకి దిగుతోంది.

"ఆపు ఆపు! అడుగున తగులుతోంది. దించెయ్, దించెయ్!" అని అరిచాడు.

దించేశాను. ఆయన కంగారు చూసి నేనూ కంగారుపడి గబగబా దించేశాను. కరకరమని ఇనుము నలిగిన చప్పుడైంది. అడుగున ఆయిలు ఉండే ఛాంబరు సొట్టపోయింది, ఇంజను కూర్చోవాల్సిన ఇనప చెయ్యి ఒకటి వంగిపోయింది.

బావ నోరు వెళ్ళబెట్టి నాకేసి చూశాడు. "దించమన్నాను కదా!"

"దించాను కదా బావగారూ!"

"దించడమంటే కిందికి వదిలేస్తావా?"

"మరి పైకి దించుతారా ఎవరైనా?"

"ఇంజను దించడమంటే బండిలోంచి తియ్యడం! తియ్యాలంటే పైకి లాగాలి. గరాజుల్లో ఎవర్నడిగినా అదే చెబుతారు."

"ఓహో. అయితే ఎక్కించడమంటే?"

ఆయన టార్చిలైటు ఆర్పేశాడు. "కిందికి వదలడం," అన్నాడు గొంతు తగ్గించి.

"బావగారూ, మీరు జన్మంతా మనుషుల్ని పైకీ కిందికీ పంపించారు. మీకు పైకేదో, కిందికేదో ఇప్పుడు నేను చెప్పాలా? లిఫ్టులో ఇలాగే మాట్లాడారా? అయిదో అంతస్తు నొక్కితే అడుక్కి వెళ్ళేదా?"

కిటికీలోంచి ఏదో వింత శబ్దం వినిపించింది. ఇద్దరం తిరిగి చూశాం. అక్క నవ్వుతోంది. కుర్చీ చేతులు రెండూ గట్టిగా పట్టుకుని, కళ్ళవెంట నీళ్ళు కారేలా నవ్వుతోంది. "నవ్వించకండర్రా, నడుం పట్టేస్తోంది," అంటూనే మళ్ళీ "పైకి దించు" అని తలుచుకుని నవ్వింది. బావ తిట్టబోయినవాడల్లా ఆగి, ఆ నవ్వు అయిపోయేదాకా అలా చూస్తూ నిలబడ్డాడు. నేనూ గొలుసు వదలకుండా నిలబడ్డాను.

ఆ తరవాత మా ఇంట్లో దించడం, ఎక్కించడం అనే మాటలు నిషేధించాం. పైకి, కిందికి. అంతే.

సొట్ట తీయించాడు. వంగిన ఇనప చెయ్యి సరిచేయించాడు. ఇంజను బండిలో కూర్చుంది. ఒకరోజు పొద్దున్నే తాళం తిప్పితే చిన్నగా దగ్గినట్టు దగ్గి, తరవాత చప్పుడే లేదు. అది తిరుగుతోందో ఆగిందో తెలియడానికి చెవి దగ్గర పెట్టి వినాల్సొచ్చింది. వీధిలోవాళ్ళంతా వచ్చి చూశారు. ఎదురింటావిడ చప్పట్లు కొట్టింది. అందరిలోకీ ఎక్కువ గంతులేసింది నేను, కాన్పుకి ఇంకా నెలకి పైనే ఉంది మరి. బావ వెళ్ళి వెనక సీటుమీద గ్లాసు పెట్టాడు.

నీళ్ళమీద సన్నటి వలయాలు. కాసేపు అలా వణికి వణికి, అంచుమీదనుంచి ఒకే ఒక చుక్క జారింది.

"ఒప్పుకోలేదు," అన్నాడు బావ. తాళం తిప్పి ఆపేశాడు. చప్పట్లు కొట్టిన చేతులు అక్కడే ఆగిపోయాయి.

ఇంక చూడండి నా తిప్పలు. ఇంజను కింద పెట్టే రబ్బరు దిమ్మలు మార్చాడు. గట్టివి పెడితే ఒక రకంగా వణికింది, మెత్తవి పెడితే ఇంకో రకంగా వణికింది. ఎడమది మారిస్తే కుడిదన్నాడు, కుడిది మారిస్తే ఎడమదన్నాడు. "నువ్వు దించిన దగ్గర్నుంచే ఈ వణుకు" అని ఒకటికి పదిసార్లు సణిగాడు. దించమన్నాడు, దించాను. ఇవాళ్టికీ నా మాట అదే. ఒకరోజు ఆయన స్నానానికి వెళ్ళినప్పుడు గ్లాసులోంచి సగం నీళ్ళు మొక్కకి పోసి మళ్ళీ సీటుమీద పెట్టాను. సగం గ్లాసు ఎంత వణికినా ఒలకదు కదా అని. ఆయన వచ్చి దాన్ని చూసి, తిన్నగా వంటింట్లోకి వెళ్ళి అంచుదాకా నింపుకొచ్చాడు. నాకు తల ప్రాణం తోకకొచ్చింది.

ఆ రోజు పెద్ద గొడవే అయింది.

"అది గ్లాసు కాదు బావగారూ, మనిషి! ఒక్క చుక్క కోసం దాన్ని జీవితాంతం ఆ కిటికీ దగ్గర కూర్చోబెడతారా? అక్కడ పిల్ల ఎదురుచూస్తోంది. ఈసారి కూడా ఫోను పట్టుకునే ఏడవమంటారా ఇద్దర్నీ?"

బావ చేతిలో స్పానరు కింద పెట్టాడు. "ఆ రోజు ఆంబులెన్సు గుంతలో పడ్డప్పుడు నువ్వు వెనక బండిలో ఉన్నావు. మీ అక్క పెట్టిన కేక నువ్వు వినలేదు. నేను దాని చెయ్యి పట్టుకుని ఉన్నాను. ఇంకోసారి అలాంటి కేక వినలేను. నా వల్ల కాదు," అన్నాడు.

ఆయన కళ్ళలో నీళ్ళు చూడడం నాకదే మొదలు. జాలేసింది. జాలేసినంత మాత్రాన కోపం పోలేదు, అదే విచిత్రం. ఆయన భయం ఆయనకి నిజమే, కానీ దాని ఖరీదు చెల్లించేది అక్కా, దాని కూతురూ. ఆ మాట అనబోయి, ఆయన మొహం చూసి అనలేక, మెట్లు దబదబా కొట్టుకుంటూ పైకి వెళ్ళిపోయాను. కిటికీ దగ్గర అక్క చేతిలో సూది ఆగిపోయి ఉంది. అక్క అంతా విన్నదని అప్పుడు తట్టలేదు.

నెల తిరక్కుండానే, ఒక పొద్దున నేను డ్యూటీకి వెళ్ళడానికి తల దువ్వుకుంటుంటే అక్క అల్లుడు ఫోన్ చేశాడు. "పిన్నిగారూ, నొప్పులు మొదలయ్యాయి. డాక్టరుగారు చెప్పిన తేదీకి ఇంకా టైముంది, ముందే వచ్చేశాయి. ఆస్పత్రికి తీసుకొచ్చాం. అత్తయ్యగారు ఎక్కడిదాకా వచ్చారని అడుగుతోంది."

బయల్దేరనైనా లేదని ఎలా చెప్పను? దువ్వెన చేతిలో ఉండగానే కిందికి పరిగెత్తాను. ముందు అక్కకి చెప్పాను. అక్క కుడుతున్న చొక్కా మడిచి పక్కన పెట్టింది. షెడ్డులోకి వెళ్ళాను. ఇంజను తిరుగుతోంది, వెనక తలుపు తీసి ఉంది, సీటుమీద గ్లాసు ఉంది. బావ మోకాళ్ళమీద కూర్చుని నీళ్ళకేసి చూస్తున్నాడు.

"బావగారూ, అమ్మాయికి నొప్పులొచ్చాయట. ఆస్పత్రిలో చేర్చారు."

ఆయన లేచాడు. మళ్ళీ కూర్చున్నాడు. "అప్పుడేనా? ఇంకా టైముందన్నారు కదా. ఇదిగో, ఈ కుడివైపు రబ్బరు ఒక్కటీ మార్చేస్తే... మధ్యాహ్నానికల్లా... లేకపోతే రేపు పొద్దున్నే..." అంటున్నాడు.

నేను నోరు తెరిచేలోపు వెనకనుంచి అడుగుల చప్పుడైంది. అక్క గోడ పట్టుకుని వస్తోంది. భుజానికి చొక్కాల సంచీ. చెప్పులు కూడా తొడుక్కుంది. బయటికి వేసుకునే చెప్పులు, దుమ్ము పట్టిపోయినవి. బావ అడ్డం వెళ్ళబోతే చేత్తోనే పక్కకి జరగమంది. కారు తలుపు పట్టుకుని, ఒక్కో కాలే లోపల పెట్టి, మెల్లిగా సీటులో కూర్చుంది. పక్కనున్న గ్లాసు రెండు చేతుల్తో పైకెత్తింది. కాసేపు దాంట్లోకి చూసింది.

తరవాత ఎత్తిపట్టుకుని గటగటా తాగేసింది. చివరి చుక్కదాకా తాగి, మూతి తుడుచుకుని, ఖాళీ గ్లాసు నా చేతికిచ్చింది.

"ఇంక ఒలకదు. ఎక్కండి," అంది బావతో.

బావ తలుపు పట్టుకుని నిలబడ్డాడు. "దార్లో నీకు నొప్పొస్తే?" అన్నాడు.

"వస్తుంది. అక్కడ దానికి రావట్లేదూ?"

ఆయన ఇంకేదో అనబోయాడు. అక్క చూపు తిప్పలేదు. "మీరు విన్నది ఒక్క కేక. నేను ఆ కిటికీ దగ్గర కూర్చుని ఎన్ని మింగానో మీకేం తెలుసు? ఈసారి నా కూతురి పక్కన నేనుండాలి. మీ చేత్తో తీసుకెళ్తారా, చెల్లెల్ని అద్దె కారు పిలవమంటారా?"

బావ చేతుల్ని గుడ్డతో తుడుచుకున్నాడు, చాలాసేపు తుడుచుకున్నాడు. ఆ గుడ్డ నా చేతిలో పెట్టి, వెనక తలుపు మెల్లిగా వేసి, చుట్టూ తిరిగి వెళ్ళి స్టీరింగు ముందు కూర్చున్నాడు. ఎర్రదీపం వెలుగుతూనే ఉంది, ఎక్కడో తుక్కులో పోయిన తలుపు తీసే ఉందని.

నేను గేటు బార్లా తీశాను. కారు షెడ్డు గడప దాటింది. ముందు చక్రాలు దిగాయి, వెనక చక్రాలు దిగాయి. నేను అక్క మొహం చూశాను. పంటి బిగువున కూర్చుంది. అయినా నన్ను చూసి చెయ్యూపింది.

"మెల్లిగా వెళ్ళు బావా. మలుపు దగ్గర గుంత!" అని అరిచాను.

బావ కారు కిటికీలోంచి తల బయటపెట్టాడు. "బావగారు కాదా?"

"రోడ్డు చూసి నడుపు ముందు!"

వీధి చివర గుంత దగ్గర కారు దాదాపు ఆగిపోయింది. మనిషి నడిచినంత నెమ్మదిగా ఒక చక్రం దిగింది, ఎక్కింది. తరవాత ఇంకోటి. నేను ఊపిరి బిగబట్టి విన్నాను. ఏ కేకా వినపడలేదు. కారు మలుపు తిరిగింది. నా ఒక చేతిలో దువ్వెన, గుడ్డ, ఇంకో చేతిలో గ్లాసు ఉన్నాయని అప్పుడు చూసుకున్నాను.

ఆ రోజు డ్యూటీకి వెళ్ళి ఎంతమందిని ఎంతసేపు కూర్చోబెట్టానో నాకే తెలీదు. సాయంత్రం ఇంటికొచ్చి ఆ గ్లాసు తోముతుంటే ఫోన్ మోగింది. అక్క.

"చేరామే. దార్లో రెండు మూడుచోట్ల ఆపించుకుని దిగి నిలబడ్డాను. నడుం విరిగిపోయిందనుకో," అంది. ఆ గొంతులో ఏడుపో నవ్వో తెలియలేదు. "పురిటిగదిలోకి నన్ను రానిచ్చారు. నా చెయ్యి వదల్లేదు అది. పాప. మొదట కుట్టిన చొక్కా సరిగ్గా సరిపోయింది."

నేను కుళాయి కట్టేసి వంటింటి నేలమీదే కూర్చుండిపోయాను. ఈసారి ఫోను పట్టుకుని ఏడ్చింది నేనే.

"బావ చూశాడా పాపని?" అని అడిగాను చివరికి.

"చూశారు, ఎత్తుకున్నారు. ఎత్తుకుని, ఒక్క చుక్క కూడా ఒలకనివ్వనన్నట్టు అడుగు తీసి అడుగు వెయ్యకుండా నిలబడ్డారు. ఇప్పుడు కిందికి, బండి దగ్గరికి వెళ్తున్నారు. వచ్చేటప్పుడు పాప కూడా ఉంటుంది కదా, ఆ కుడివైపు రబ్బరు సంగతి చూడాలని నర్సుని గ్లాసు అడుగుతున్నారు."

"ఇవ్వద్దని చెప్పు అక్కా," అన్నాను.